ఇది ఇలాగే ఉండాలని ఎవరు నిర్ణయించారు? గ్యారీ హస్ట్‌విట్ డాక్యుమెంటరీలు, హైదరాబాద్ వస్తువులు

కోఠిలో బస్సు కోసం నిలబడ్డవాళ్లు బోర్డు చదువుతారు, అక్షరాన్ని చూడరు. నంబరు సరిపోయిందా, సీటు దొరుకుతుందా అన్నదే అక్కడ టెన్షన్. కాస్త ఆగి చూస్తే ఆ చుట్టుపక్కలే ఒక వింత కనిపిస్తుంది. ఒక బోర్డు మీద "దిల్‌సుఖ్‌నగర్" అని పొల్లులతో విడివిడిగా ఉంటుంది. ఇంకో షాపు బోర్డు మీద ల కింద స వత్తు, ఖ కింద న వత్తు వేలాడుతూ అదే పేరు "దిల్సుఖ్నగర్" అయి ఉంటుంది. ఈ రెండో రాతను ఎవరూ కావాలని ఎంచుకుని ఉండరు. కంప్యూటర్‌లో పొల్లు తర్వాత హల్లు కొడితే అది దానంతట అదే వత్తుగా మారుతుంది. మారకుండా ఆపాలంటే రెండింటి మధ్య కంటికి కనిపించని ఒక గుర్తు పెట్టాలి. ఆ కిటుకు తెలియని చోట ఊరి పేరు ఎలా కనిపించాలో సాఫ్ట్‌వేరే తేల్చేసింది.

అమెరికన్ డాక్యుమెంటరీ దర్శకుడు గ్యారీ హస్ట్‌విట్ దాదాపు ఇరవై ఏళ్లుగా కెమెరా పెట్టేది ఇలాంటి చోట్లే. ఒక అక్షరం, ఒక కూరగాయల పీలర్, ఒక కుర్చీ, ఒక ఫుట్‌పాత్. ఒక్కో సినిమాలో వస్తువు మారుతుంది, ప్రశ్న మాత్రం మారదు: ఇది ఇలాగే ఉండాలని ఎవరు నిర్ణయించారు? ఆయన సినిమాల బలమంతా ఆ ప్రశ్నలో ఉంది. వాటి పరిమితి, ఆ ప్రశ్నను ఆయన ఎవరిని అడుగుతారన్న దగ్గర ఉంది. హైదరాబాద్ నుంచి చూస్తే ఈ రెండూ ఇంకాస్త స్పష్టంగా కనిపిస్తాయి.

హస్ట్‌విట్ సినిమా స్కూల్లో తయారైన మనిషి కాదు. 1980ల చివర్లో కాలిఫోర్నియాలో ఎస్ఎస్‌టీ అనే పంక్ మ్యూజిక్ కంపెనీలో పనిచేశారు. 90ల్లో చిన్న ప్రచురణ సంస్థ నడిపారు. 2001లో ప్లెక్సీఫిల్మ్ అనే డీవీడీ కంపెనీ పెట్టారు. అంటే సినిమా తీయడం కంటే ముందే పుస్తకం అట్ట, రికార్డు కవరు, డీవీడీ పెట్టె ఎలా ఉండాలో రోజూ తేల్చుకునే పనిలో ఉన్నారు. గ్రాఫిక్ డిజైన్ మీద ఒక సినిమా చూడాలనిపించి వెతికితే అలాంటిది దొరకలేదు. అలా తనే తీసిన సినిమా 2007లో వచ్చిన "హెల్వెటికా".

ఒక ఫాంట్ మీద గంటా ఇరవై నిమిషాల సినిమా. చెప్పగానే ఎవరికైనా ఇందులో ఏముంటుందనిపిస్తుంది. 1957లో స్విట్జర్లాండ్‌లో అచ్చు అక్షరాలు పోతపోసే హాస్ ఫౌండ్రీలో ఎడ్వార్డ్ హాఫ్‌మన్ పర్యవేక్షణలో మాక్స్ మీడింగర్ గీసిన అక్షరం అది. మొదటి పేరు నోయె హాస్ గ్రొటెస్క్. పరాయి దేశాల్లో ఆ పేరుతో అమ్మడం కష్టమని 1960లో హెల్వెటికా చేశారు. స్విట్జర్లాండ్ లాటిన్ పేరు నుంచి తీసిన మాట అది. సినిమా ఈ చరిత్ర చెబుతుంది గానీ అక్కడే కూర్చోదు. వీధుల్లోకి వెళ్లి చెత్తడబ్బా మీద, రైలు బోర్డు మీద, పన్ను ఫారం మీద, బట్టల దుకాణం మీద అదే అక్షరాన్ని చూపిస్తుంది. వ్యాఖ్యాత గొంతు ఉండదు. మాటలేని సంగీతం వెనక నడుస్తుంటే కెమెరా కదలకుండా నిలబడుతుంది, జనం దాని ముందు నుంచి నడిచి వెళ్తారు. ఇరవై నిమిషాలు గడిచేసరికి చూసేవాళ్ల కన్ను మారిపోతుంది, థియేటర్ బయటికొచ్చాక కూడా బోర్డులే కనిపిస్తుంటాయి. ఉపన్యాసం చెప్పకుండా ఒక అలవాటును అంటించడం మామూలు పనితనం కాదు.

ఈ సినిమాలో అసలు పట్టు ఆ ఫాంట్ మీద డిజైనర్లు పడే గొడవది. మాసిమో విన్యెల్లీ లాంటి పెద్దలకు ఈ ఫాంట్ అంటే స్పష్టత, క్రమం. 1960ల్లో పెరిగిన పాలా షేర్‌కు అది పెద్ద కంపెనీల అక్షరం, వియత్నాం యుద్ధాన్ని సమర్థించినవాళ్ల అక్షరం. ఎరిక్ స్పీకర్‌మన్‌కు సైన్యపు కవాతు లాంటిది, అందరూ ఒకేలా నిలబడతారు. ఒక అక్షరం గుండ్రంగా ఉండాలా, నిలువుగా ఉండాలా అన్న చర్చ చూస్తుండగానే మనుషులు ఎలా బతకాలన్న చర్చ అయిపోతుంది. హస్ట్‌విట్ తీర్పు ఇవ్వరు, అందరి మాటా పక్కపక్కన పెట్టి వదిలేస్తారు.

ఇదే గొడవను తెలుగులో పెడితే కొలతలే మారిపోతాయి. ఇంగ్లీషు అక్షరాలన్నీ ఒక గీత మీద నిలబడతాయి, కాబట్టి అక్కడి డిజైనర్లు అక్షరానికీ అక్షరానికీ మధ్య ఖాళీ గురించి అంతగా మాట్లాడతారు. తెలుగు అక్షరం పైకీ పెరుగుతుంది, కిందికీ దిగుతుంది. నెత్తిన తలకట్టో గుడో ఉంటుంది, కింద వత్తు ఉంటుంది. ప్రతి ప్రభుత్వ ఆఫీసు బోర్డు మీదా ఉండే "రాష్ట్ర" అన్న మాటే చూడండి. ష కింద ట వత్తు, దానికి తోడు ర వత్తు. ఆ ఒక్క అక్షరం కోసం కింద ఇంకో వరుసకు సరిపడా చోటు వదలాలి. వదలకపోతే వత్తు పోయి కింది ఇంగ్లీషు లైనుకు తగులుతుంది. అందుకని చాలా బోర్డుల్లో తెలుగును నొక్కి చిన్నది చేస్తారు. పెద్ద ఇంగ్లీషు కింద చిన్న తెలుగు కనిపిస్తే అది భాష మీద చిన్నచూపే అనుకుంటాం. అది కొంత నిజమే. కానీ బోర్డు కొలతను ముందుగా ఇంగ్లీషుకు తగ్గట్టు ఖాయం చేసి, మిగిలిన జాగాలో తెలుగును సర్దమనడం కూడా ఒక కారణం. కొలత రాసిన టెండరు కాగితం దగ్గరే ఆ నిర్ణయం జరిగిపోతుంది.

ఫ్లెక్సీ రాకముందు ఈ లెక్కలన్నీ పెయింటర్ చేతిలో ఉండేవి. రేకు మీద తెల్లరంగు ఆరాక, సుద్దపొడి పూసిన దారాన్ని రెండు చివర్లా పట్టుకుని మధ్యలో లాగి వదిలితే సన్నటి గీత పడేది. తెలుగుకు రెండు గీతలు చాలవు, వత్తు కోసం మూడోది కొట్టేవాళ్లు. హైదరాబాద్ పెయింటర్‌కు ఇంకో చిక్కు కూడా ఉండేది. ఇంగ్లీషు, తెలుగు ఎడమ నుంచి మొదలైతే ఉర్దూ కుడి నుంచి రావాలి. మూడు భాషలూ ఒకే రేకు మీద మధ్యకు సరిగ్గా కుదరాలంటే రాయడానికి ముందే పేరు మొత్తం మనసులో కొలుచుకోవాలి. పని అయ్యాక కింద మూలలో సన్నగా తన పేరు, పక్కన "ఆర్ట్స్" అన్న మాట. ఊరంతా ఆ చేతిరాతను చదివింది, మూలలో సంతకాన్ని మాత్రం పోటీ పెయింటర్ తప్ప ఎవరూ చదవలేదు.

కంప్యూటర్ వచ్చాక ఆ పని డీటీపీ సెంటర్ల చేతికి వెళ్లింది. నగరంలో తయారైన అను ఫాంట్లే చాలా ఏళ్లపాటు పత్రికల్నీ కరపత్రాల్నీ పెళ్లి కార్డుల్నీ నడిపించాయి. అందులో కొట్టిన మ్యాటర్ ఆ ఫాంట్ లేని కంప్యూటర్‌లో తెరిస్తే అర్థంపర్థం లేని గీతలు. 2001 నాటి విండోస్ ఎక్స్‌పీతో గౌతమి ఫాంట్ వచ్చాక యూనికోడ్ తెలుగు మామూలు జనం తెర మీదికి వచ్చింది. 2010ల తొలి ఏళ్లలో అమెరికా తెలుగువాళ్ల సంస్థ సిలికానాంధ్ర చొరవతో రామభద్ర, గురజాడ, సురవరం, ధూర్జటి, మండలి లాంటి పేర్లతో తెలుగు ఫాంట్లు ఉచితంగా అందరికీ దొరికాయి. ఇవాళ షాపు పేర్ల నుంచి యూట్యూబ్ థంబ్‌నెయిల్ దాకా కనిపించేవాటిలో ఇవి చాలానే ఉన్నాయి. ఒక ఫాంట్ యాభై ఏళ్ల కథ సినిమాకు సరిపోతే, ఇరవై ముప్పై ఏళ్లలో తెలుగు అక్షరం పడ్డ పాట్లు అంతకు తక్కువేం కావు.

2009లో వచ్చిన "ఆబ్జెక్టిఫైడ్" అక్షరం నుంచి వస్తువుకు వెళ్తుంది. అప్పట్లో యాపిల్ డిజైనర్ అయిన జోనథన్ ఐవ్, జర్మనీలో బ్రౌన్ కంపెనీ వస్తువుల్ని తీర్చిన డీటర్ రామ్స్ లాంటి పెద్ద పేర్లు ఇందులో మాట్లాడతారు. కానీ గుర్తుండిపోయేది వంటింటి పీలర్. కీళ్లనొప్పులున్న భార్య సన్నటి లోహపు పిడి పట్టుకోలేక అవస్థ పడటం చూసి, శామ్ ఫార్బర్ అనే వ్యాపారి స్మార్ట్ డిజైన్ సంస్థను సంప్రదించారు. సైకిల్ హ్యాండిల్‌కుండే రబ్బరు పట్టు లాంటివి తీసుకుని ప్రయోగాలు మొదలుపెట్టి, లావుపాటి మెత్తని పిడితో పీలర్ చేశారు. 1990లో మార్కెట్‌లోకి వచ్చింది. ఆ సంస్థకు చెందిన డాన్ ఫార్మోసా చెప్పే సూత్రం చాలా సూటిగా ఉంటుంది: సగటు మనిషిని పట్టించుకోనక్కర్లేదు, బాగా బలహీనమైన చేతినీ బాగా బలమైన చేతినీ అర్థం చేసుకుంటే మధ్యలో ఉన్నవాళ్లకు అదే సరిపోతుంది.

ఈ సూత్రం పట్టుకుని తెలుగు వంటింట్లోకి వెళ్తే ముందుగా కత్తిపీట కనిపిస్తుంది. చాకుతో కోసేటప్పుడు కూరగాయ కదలదు, కత్తి కదులుతుంది. కత్తిపీట దగ్గర కత్తి కదలదు. ఒక మోకాలు పైకి మడిచి, పాదంతో పీటను అదిమిపట్టి, రెండు చేతులా పట్టుకున్న గుమ్మడికాయను పదును మీదికి నెడతారు. బలం మణికట్టు నుంచి రాదు, భుజాల నుంచి, వంగిన వీపు బరువు నుంచి వస్తుంది. మణికట్టు నొప్పి ఉన్నవాళ్లకు ఇది చాకు కన్నా మేలు. అదే మోకాలి నొప్పి ఉన్నవాళ్లకు నేల మీద కూర్చుని లేవడమే నరకం. అపార్ట్‌మెంట్లలో గ్యాస్ స్టవ్ కోసం నేల నుంచి పావు తక్కువ మూడు అడుగులకు అటూ ఇటూగా గట్టు కట్టడం మొదలయ్యాక, కూర్చుని చేసే పనులన్నీ నిలబడి చేసే పనులయ్యాయి, కత్తిపీట మూలకు చేరింది. ఆ గట్టు ఎత్తును ఎక్కువ ఇళ్లలో తేల్చింది మేస్త్రీ. వంట చేసే మనిషి ఎత్తు అడిగి కట్టిన గట్లు ఎన్ని ఉంటాయి? ఐదడుగులు కూడా లేని అమ్మమ్మ చిన్న పీట మీద ఎక్కి నిలబడి పోపు వేసే దృశ్యం చాలా ఇళ్లలో ఉన్నదే. హస్ట్‌విట్ కెమెరా ఆ పీట మీద ఒక నిమిషం నిలబడితే చాలు, వేరే మాట అక్కర్లేదు.

హైదరాబాద్‌కు సొంతంగా వస్తువులు తయారు చేసిన చరిత్ర కూడా ఉంది. 1942లో మొదలైన ఆల్విన్ బస్సు బాడీలు కట్టింది, ఫ్రిజ్‌లు చేసింది, 80ల్లో వాచీలు చేసింది. 90ల్లో ఆ కథ ముగిసిపోయింది. ఇప్పుడు ఆ పేరు కాలనీకీ చౌరస్తాకీ మిగిలింది. ఆ ఫ్రిజ్ తలుపు పిడి ఎలా వంగాలో గీసిన ఉద్యోగుల పేర్లు మాత్రం వస్తువును వాడిన లక్షల మందిలో ఎవరికీ తెలియవు.

హస్ట్‌విట్ మీద నిలబడే విమర్శ ఇక్కడే మొదలవుతుంది. ఆయన తొలి రెండు సినిమాల్లో మాట్లాడేవాళ్లంతా దాదాపు డిజైనర్లే, రచయితలే, విమర్శకులే. వాడేవాళ్లు తెర మీద కనిపిస్తారు, కానీ నోరు విప్పరు. ఫ్యాక్టరీలో అచ్చుల నుంచి కుర్చీలు బయటికి తీసే కార్మికుడి చేతులు ఉంటాయి, అతని అభిప్రాయం ఉండదు. నిర్ణయించిన మనిషిని వెతికి పట్టుకోవాలనే పద్ధతిలోనే ఈ లోటు ఉంది. ఒక వస్తువుకు ఒక సంతకం ఉండే సమాజాల్లో అది చెల్లుతుంది. బేగంబజార్‌లో దొరికే స్టీలు క్యారియర్‌కో, మేదరివాళ్లు అల్లే తట్టకో, వెల్డింగ్ షాపులో పుట్టే మిర్చి బజ్జీల బండికో ఒక్క డిజైనర్ ఉండడు. బండి కొన్న మనిషి వారం తర్వాత తిరిగొచ్చి "అన్నా, నూనె మీద చిందుతుంది, ఇక్కడ రేకు నాలుగు అంగుళాలు పైకి లేపు" అంటాడు. తర్వాతి బండికి ఆ రేకు పైకే వస్తుంది. నిర్ణయం వందల చేతుల మీదుగా పేరుకుంటుంది. దాన్ని సినిమాగా తీయాలంటే స్టూడియోలో కుర్చీ వేసి ఒకరిని కూర్చోబెట్టడం పనికిరాదు, ఆ వెల్డింగ్ షాపు ముందు నెలల తరబడి ఉండాలి.

ఆయనకు ఈ లోటు తెలిసిందో లేదో గానీ 2011 నాటి "అర్బనైజ్డ్" కాస్త దారి మార్చింది. ఇది నగరాల మీద సినిమా. పెద్ద ఆర్కిటెక్టులతో పాటు వీధిలో ఉన్న మనుషులూ ఇందులో మాట్లాడతారు. చిలీ రాజధాని శాంటియాగోలో పేదల ఇళ్ల గురించి ఆర్కిటెక్ట్ అలెహాండ్రో అరవేనా చెప్పే సంగతి ఒకటుంది. డబ్బు తక్కువ, వాటర్ హీటర్ గానీ స్నానపు టబ్ గానీ ఒకటే పెట్టగలరు. నాయకులు హీటర్ అనుకున్నారు. అడిగితే ఆ కుటుంబాలు టబ్ కావాలన్నాయి. కొత్త ఇంట్లోకి వెళ్లాక గ్యాస్ బిల్లు కట్టే స్తోమత ఉండదని వాళ్లకు తెలుసు.

ఈ ఒక్క దృశ్యాన్ని హైదరాబాద్ శివారు కొల్లూరుకు తీసుకొస్తే ఎలా ఉంటుంది? 2023 జూన్‌లో అక్కడ ఒకే చోట 15,660 డబుల్ బెడ్‌రూం ఇళ్లు ప్రారంభమయ్యాయి. పైకప్పు లేనివాళ్లకు పక్కా ఇల్లు దొరకడం చిన్న సంగతి కాదు. అదే సమయంలో కెమెరా అడగాల్సినవి చాలా ఉన్నాయి. తోపుడు బండి మీద కూరగాయలు అమ్మే మనిషి పై అంతస్తుల్లోకి వెళ్తే బండి ఎక్కడ పెట్టుకుంటాడు? తెల్లవారుజామున ముప్పై కిలోమీటర్ల అవతలి మార్కెట్‌కు ఎలా వెళ్తాడు? బియ్యం చెరగడానికి, బట్టలు ఆరేయడానికి, వాకిట్లో కూర్చుని నలుగురితో మాట్లాడుకోవడానికి అలవాటైన ఆడవాళ్లకు ఆ వరండా సరిపోతోందా? హీటరా టబ్బా అన్నంత చిన్న ప్రశ్నలివి. అడిగే తీరిక ఉన్నవాళ్లకు జవాబులు సిద్ధంగానే ఉంటాయి.

అదే సినిమాలో కొలంబియా రాజధాని బొగోటా మాజీ మేయర్ ఎన్రీకె పెన్యలోసా సైకిల్ తొక్కుతూ కనిపిస్తారు. సైకిళ్ల దారి చక్కగా చదును చేసి ఉంటుంది, పక్కనే కార్లు మట్టిలో వెళ్తుంటాయి. ముందు ఎవరికి దారి వేయాలో ఆయన అలా తేల్చారు. మన దగ్గర 2023 అక్టోబర్‌లో అవుటర్ రింగ్ రోడ్డు పక్కన 23 కిలోమీటర్ల సైకిల్ ట్రాక్ తెరిచారు. అందులో ఒక భాగం నార్సింగి నుంచి కొల్లూరు దాకా వెళ్తుంది. పైన సోలార్ పలకలు, కింద నీడ, చూడటానికి బాగుంది. పొద్దున్నే వ్యాయామానికి వెళ్లేవాళ్లకు మంచిదే. పాల ప్యాకెట్ల సంచులు తగిలించుకుని, గ్యాస్ సిలిండర్ కట్టుకుని రోజూ సైకిల్ తొక్కే మనిషి మాత్రం ఇంకా బస్సుకూ డివైడర్‌కూ మధ్యనే ఉన్నాడు.

2018లో వచ్చిన "రామ్స్" ఆయన సినిమాల్లో కాస్త దిగులు ఉన్నది. తక్కువ చాలు, అది మెరుగ్గా ఉండాలి అన్న మాటకు మారుపేరైన డిజైనర్, ముసలితనంలో వెనక్కి చూసుకుని, మళ్లీ మొదలుపెట్టాల్సి వస్తే ఈ వృత్తిలోకి రానంటారు. ప్రపంచంలో అక్కర్లేని వస్తువులు మరీ ఎక్కువైపోయాయన్నది ఆయన బాధ. అబిడ్స్ జగదీశ్ మార్కెట్‌లో చిన్న బల్ల ముందు కూర్చుని, భూతద్దం కింద ఫోన్ బోర్డు మీద కాలిన భాగాన్ని వెతికే కుర్రాడికి ఈ సంగతి ఇంకో వైపు నుంచి తెలుసు. ఏ ఫోన్ విప్పితే తిరిగి అతుక్కుంటుందో, ఏది జిగురుతో మూసేసి విప్పడానికే వీల్లేకుండా చేశారో అతని వేళ్లు చెబుతాయి. డిజైన్ గురించి సినిమా తీసేవాళ్లు ఐవ్‌తో పాటు ఆ కుర్రాణ్ని కూడా కూర్చోబెట్టి అడిగితే కథ నిండుగా ఉంటుంది.

ఈ సినిమాలు బతికిన తీరు కూడా చెప్పుకోవాలి. పెద్ద స్టూడియో అండ లేదు. "అర్బనైజ్డ్" నుంచి ప్రేక్షకుల దగ్గరే ముందుగా చందాలు పోగుచేశారు, ఊరూరా ప్రదర్శనలు పెట్టారు, డీవీడీలూ పోస్టర్లూ తామే అమ్ముకున్నారు. 2020లో లాక్‌డౌన్ మొదలైనప్పుడు వారానికొక సినిమాను ఉచితంగా ఆన్‌లైన్‌లో పెట్టారు. హైదరాబాద్‌లో డాక్యుమెంటరీ తీసేవాళ్లకు ఇది కొత్త విషయమేమీ కాదు. ఫీచర్ సినిమాకు ఇన్ని స్టూడియోలున్న ఊళ్లో డాక్యుమెంటరీకి ఇప్పటికీ లామకాన్ లాంటి కొన్ని సాంస్కృతిక వేదికలే దిక్కు. తెలంగాణ పల్లె బతుకును "మా ఊరు"లో పట్టుకున్న బి. నరసింగరావు లాంటివాళ్లు ఉన్నా, ఆ దారిలో నడిచినవాళ్లు చాలా తక్కువ.

2024 జనవరిలో అమెరికాలోని సన్‌డాన్స్ సినిమా ఉత్సవంలో మొదటిసారి చూపించిన "ఈనో" ఆయన పనిలో పెద్ద మలుపు. సంగీతకారుడు బ్రయన్ ఈనో మీద తీసిన ఈ సినిమా ప్రతి ప్రదర్శనకూ మారుతుంది. బ్రెండన్ డాస్ అనే కళాకారుడితో కలిసి చేసిన సాఫ్ట్‌వేర్, దగ్గరున్న దృశ్యాల్లోంచి కొన్నిటిని ఏరి ఆ పూటకు ఒక వరుసలో పేరుస్తుంది. నిన్న చూసినవాళ్లకూ ఇవాళ చూసినవాళ్లకూ ఒకే సినిమా దొరకదు. పత్రికలు దీన్ని ఎక్కడా లేని ప్రయోగంగా రాశాయి. సినిమాకు కొత్తే. ఒగ్గుకథ వినే ఊళ్లకు ఈ పద్ధతి కొత్త కాదు. మల్లన్న కథ అదే, చెప్పేవాళ్లు వాళ్లే, అయినా కూర్చున్న జనాన్ని బట్టి, రాత్రి ఎంత మిగిలిందన్నదాన్ని బట్టి ఏ ఘట్టం పెరగాలో ఏది తగ్గాలో అక్కడికక్కడే తేలుతుంది. ఒక తేడా ఉంది. అక్కడ తేల్చేది జనం ముఖం చూసిన మనిషి, ఇక్కడ లెక్క కట్టిన యంత్రం.

హస్ట్‌విట్ ప్రశ్నకు హైదరాబాద్‌లో జవాబు వెతకాలంటే పాతబస్తీ ఛత్తాబజార్ నుంచి మొదలుపెట్టవచ్చు. పెళ్లి కార్డులు అచ్చేసే వీధి అది. ఉర్దూ కాతిబ్‌లు, అంటే చేతిరాత నిపుణులు, కలంతో రాసిన రోజుల నుంచి ఇప్పటి ఆఫ్‌సెట్ దాకా అన్నీ చూసింది. బోర్డు కొలతలో, గట్టు ఎత్తులో, ఫ్లాట్ నమూనాలో మాట చెల్లని మామూలు కుటుంబం, అక్షరం ఎలా ఉండాలో తానే చెప్పేది అలాంటి దుకాణంలోనే. తెర మీద ఫాంట్లు ఒకదాని తర్వాత ఒకటి మారుతుంటాయి. కూతురికి వంకీలు తిరిగిన అక్షరం నచ్చుతుంది. తండ్రి జేబులోంచి కళ్లద్దాలు తీసి పెట్టుకుని, కార్డును చెయ్యంత దూరంలో పట్టుకుని చూస్తాడు. "ముహూర్తం, ఫంక్షన్ హాలు అడ్రసు మాత్రం లావుగా పెట్టు బాబూ, మా పెద్దనాన్న చదువుకోవాలి" అంటాడు. కంప్యూటర్ ముందున్న కుర్రాడు రెండు పాయింట్లు పెంచి, "ముహూర్తం"లో ర కింద త వత్తు కింది గీతకు తగులుతోందని ఆ గీతను కొంచెం కిందికి జరుపుతాడు.